మూడు పాత డిస్కుల నుంచి ఒక కొత్త డిస్కుకి: స్టూడియో ఫైళ్ల తరలింపు డైరీ

మా మేనమామ తెనాలిలో నడిపిన ఫొటో స్టూడియో 2019లో మూతపడింది. 2008 నుంచి తీసిన పెళ్లిళ్లు, ఓణీల ఫంక్షన్లు, అన్నప్రాశనలు, షష్టిపూర్తులు అన్నీ మూడు పాత హార్డ్‌డిస్కుల్లో ఉన్నాయి. అందులో ఒకటి టిక్కుటిక్కుమని చప్పుడు చేస్తోంది. మూడింటినీ ఒక కొత్త డిస్కులోకి చేర్చి, దానికి ఇంకో నకలు తీయడం పని. విజయవాడ నుంచి శని, ఆదివారాలు వెళ్లి చేస్తే నాలుగు వారాలు పట్టింది. మీ ఇంట్లోనో షాపులోనో ఇదే పని పడితే, నేను పోగొట్టిన 7 ఫొటోల లాంటివి మీరు పోగొట్టకూడదని జరిగింది జరిగినట్టు రాస్తున్నా.

కమాండ్లను పలికినట్టే తెలుగులో రాశా. టైపు చేసేటప్పుడు అన్నీ ఇంగ్లిషు చిన్నబడి అక్షరాలే. చుక్క, అడ్డగీత, ఏటవాలు గీత, నిలువు గీత మాత్రం ఇక్కడ ఎలా కనిపిస్తే అలాగే.

సామాను:

- 8 జీబీ ర్యామ్ ఉన్న పాత ల్యాప్‌టాప్, అందులో లినక్స్ మింట్ (విండోస్ లాంటి ఆపరేటింగ్ సిస్టమ్)
- కొత్త 4 టీబీ డిస్కులు రెండు, విడిగా అడాప్టర్ ఉన్నవి, ఈఎక్స్‌టీ4గా ఫార్మాట్ చేశా (డిస్కులో ఫైళ్లు అమర్చే లినక్స్ పద్ధతి ఇది; కింద వచ్చే ఫ్యాట్32, ఎన్‌టీఎఫ్‌ఎస్, ఎక్స్‌ఫ్యాట్ కూడా అలాంటివే)
- యూఎస్‌బీ 3 హబ్ ఒకటి (ఇది రెండో వారం కొన్నది, ఎందుకో కింద ఉంది)
- మామయ్య పాత ఆర్డర్ల పుస్తకం. ఏ పెళ్లి ఏ డిస్కులో ఉందో అందులోనే రాసుంది

దశ 1: లెక్క

1. డిస్కు తగిలించి, ఆ ఫోల్డర్లోకి సీడీ అనే కమాండు కొట్టి వెళ్లడం.
2. ఫైళ్ల సంఖ్య: ఫైండ్ . -టైప్ ఎఫ్ | డబ్ల్యుసీ -ఎల్
3. సైజు: డీయూ -ఎస్‌హెచ్ .
4. రెండు అంకెలనీ కాగితం మీద రాసి డిస్కుకి అంటించడం.

డిస్కు 1 (320 జీబీ, ఫ్యాట్32, 2008–2011): 38,416 ఫైళ్లు, 241 జీబీ
డిస్కు 2 (500 జీబీ, ఎన్‌టీఎఫ్‌ఎస్, 2011–2014): 52,907 ఫైళ్లు, 418 జీబీ
డిస్కు 3 (1 టీబీ, ఎన్‌టీఎఫ్‌ఎస్, 2014–2019): 96,250 ఫైళ్లు, 806 జీబీ
మొత్తం: 1,87,573 ఫైళ్లు, 1,465 జీబీ

డిస్కు 3 పూర్తి సైజు 931 అని చూపించేసరికి మామయ్య "ఏమ్మా, మిగతా 69 జీబీ ఏమైనట్టు?" అని అడిగారు. ఏమీ కాలేదు. డిస్కు తయారుచేసేవాళ్లు వెయ్యితో లెక్కేస్తారు, కంప్యూటరు 1024తో లెక్కేస్తుంది. లక్ష కోట్ల బైట్లని 1024తో మూడుసార్లు భాగిస్తే 931 వస్తుంది.

నాలుగు నిమిషాల పని ఇది. రెండో దశలో నేను చేసిన తప్పు బయటపడింది ఈ కాగితం వల్లే.

దశ 2: ఎంవీతో జరిగిన నష్టం

డిస్కు 1లో 2010 నాటి ఒక పెళ్లి ఫోల్డరు ఉంది. లోపల కార్డు1, కార్డు2, కార్డు3 అని మూడు ఫోల్డర్లు. వాటిలో వరసగా 412, 388, 405 ఫొటోలు. మొత్తం 1,205. కాపీ మొదలెట్టే ముందు వీటిని పాత డిస్కు మీదే ఒక్క చోటికి చేరుద్దామనుకున్నా. ఫైళ్లని జరిపే కమాండు ఎంవీ. * అంటే లోపలివన్నీ, చుక్క అంటే ఇప్పుడున్న ఫోల్డరు. కొట్టినవి ఇవి:

1. ఎంవీ కార్డు1/* .
2. ఎంవీ కార్డు2/* .
3. ఎంవీ కార్డు3/* .

మూడూ కన్నుమూసి తెరిచేలోపు అయిపోయాయి. ఒక్క ప్రశ్న అడగలేదు, ఒక్క హెచ్చరిక రాలేదు. డిస్కు మొత్తం మళ్లీ లెక్కపెడితే 38,416 ఉండాల్సింది 37,623 వచ్చింది. 793 తక్కువ. ఆ పెళ్లి ఫోల్డర్లో 412 మాత్రమే ఉన్నాయి.

కారణం కెమెరా. కార్డు మార్చినప్పుడల్లా నంబరు మళ్లీ 0001 నుంచి మొదలయ్యేలా సెట్టింగు ఉంది. అంటే మూడు కార్డుల్లోనూ డీఎస్‌సీ_0001 అనే ఫైలు ఉంది. కార్డు2 ఫొటోలు కార్డు1 వాటి మీద పడ్డాయి, కార్డు3వి ఆ రెండింటి మీదా పడ్డాయి. చివరికి మిగిలినవి కార్డు3లోని 405, కార్డు1లోని ఆఖరి 7.

ఒకే డిస్కులో ఎంవీ కొడితే ఫొటో డేటా ఉన్నచోటు నుంచి కదలదు. ఫోల్డరు పట్టీలో పేరు మాత్రం ఒకచోట కొట్టేసి ఇంకోచోట రాస్తుంది. అందుకే అంత వేగం. ఆ చోట అదే పేరు అప్పటికే ఉంటే పాతదాన్ని తీసేసి కొత్తదాన్ని పెడుతుంది, అడగదు. మూడు ఫోల్డర్లనీ ఒకే కమాండులో ఇచ్చి ఉంటే లినక్స్‌లోని ఎంవీ "ఇప్పుడే పెట్టినదాని మీద రాయను" అని ఆగేది. విడివిడిగా కొట్టడంతో ఒకదాని సంగతి ఇంకోదానికి తెలియలేదు.

మామయ్యకి చెప్పా. ఆయన పుస్తకం తీసి చూసి, "రెండో కార్డులోనే జీలకర్ర-బెల్లం, మంగళసూత్రం ఉన్నాయమ్మా" అన్నారు. అంతకుమించి ఒక్క మాట అనలేదు.

తిరిగి రాబట్టిన తీరు:

1. వెంటనే ఆ డిస్కుని అన్‌మౌంట్ చేశా, అంటే కంప్యూటరు నుంచి విడదీశా. పేరు పోయినా డేటా ఇంకా అక్కడే ఉంటుంది, కానీ "ఖాళీ" అని గుర్తు పడిపోతుంది. ఆ డిస్కు మీద కొత్తగా ఏది రాసినా దాని నెత్తిన పడొచ్చు.
2. ల్యాప్‌టాప్‌లో ఫొటోరెక్ (పోయిన ఫైళ్లు వెతికే ప్రోగ్రామ్) వేసుకున్నా. ఖాళీ జాగా మాత్రమే వెతకమని చెప్పి, దొరికినవాటిని ల్యాప్‌టాప్‌లోకే రాయించా. అదే డిస్కు మీదకి ఎప్పుడూ రాయించకూడదు.
3. మూడు గంటల పైన పట్టింది. 2,960 జేపెగ్‌లు దొరికాయి. అందులో ఎప్పుడో డిలీట్ చేసినవీ, బుల్లి బొమ్మలూ కూడా ఉన్నాయి.
4. ఫొటో లోపల రాసున్న వివరాలు చదివే ఎగ్జిఫ్‌టూల్‌తో ఆ పెళ్లి తేదీన, ఆ కెమెరాతో తీసినవాటిని వేరుచేశా. 786 తేలాయి.
5. ఫొటోరెక్ పేర్లు తిరిగి ఇవ్వదు. తీసిన తేదీ, గంట, నిమిషం, సెకను కలిపి ఎగ్జిఫ్‌టూల్‌తోనే కొత్త పేర్లు పెట్టించా. ఒకే సెకనులో రెండు తీసి ఉంటే చివర -1 చేరుతుంది.

కార్డు2లో 388కి 388 వచ్చాయి. కార్డు1లో 405కి 398. పోయిన 7 గౌరీపూజ దగ్గరవి.

లెక్క: డిస్కు 1లో 37,623 + రాబట్టినవి 786 = 38,409. లోటు 7.

ఇక్కడి నుంచి పద్ధతి మార్చా. పాత డిస్కులన్నీ మౌంట్ -ఓ ఆర్‌ఓ తోనే తెరిచా, అంటే చదవడానికే తప్ప రాయడానికి వీల్లేదు. పొరపాటున ఏం కొట్టినా డిస్కే ఒప్పుకోదు. సరిచూడడం పూర్తయ్యేదాకా ఎంవీ ముట్టుకోకూడదనుకున్నా. తప్పనిసరై వాడితే ఎంవీ -ఎన్. అదే పేరు అక్కడ ఉంటే దాన్ని వదిలేస్తుంది. లేదంటే --బ్యాకప్=నంబర్డ్ పెడితే పాతదానికి చివర నంబరు తగిలించి పక్కన ఉంచుతుంది. ఇవి నాకు ముందే తెలుసు. వేలికి అలవాటు కాలేదు, అదే తేడా.

దశ 3: సీపీ, తేదీలు

చిన్న ఫోల్డరు ఒకటి, 2 జీబీది, కాపీ కమాండైన సీపీ -ఆర్ తో కాపీ చేసి చూశా. ఫైళ్లు వచ్చాయి, తేదీలన్నీ ఆ రోజువే అయ్యాయి. ఫొటోలకైతే తీసిన తేదీ లోపలే రాసుంటుంది. ఎడిట్ చేసి బయటికి తీసిన మామయ్య వీడియోల్లో అలాంటిదేమీ లేదు, ఫైలు తేదీ ఒక్కటే ఆధారం. దాన్ని చెరిపేస్తే ఏ ముహూర్తానిదో పుస్తకంతో పోల్చుకోలేం.

సీపీ -ఏ తో మళ్లీ చేస్తే తేదీలు ఉన్నవి ఉన్నట్టు వచ్చాయి. ఒకటి రెండు ఫోల్డర్లకి ఇది చాలు. వందల జీబీలకి చాలదు, మధ్యలో ఆగితే మళ్లీ మొదటికి వెళ్లాలి.

ఇంకోటి కూడా ఇక్కడే గమనించా. *.జేపీజీ అని చిన్నబడిలో ఇస్తే కెమెరా పెద్దబడిలో పేరు పెట్టిన ఫైళ్లు రావు. లినక్స్‌కి రెండూ వేరు. ఫైండ్‌లో -నేమ్ బదులు -ఐనేమ్ వాడితే రెండూ దొరుకుతాయి. ఫోల్డరు మొత్తాన్ని కాపీ చేసేటప్పుడు అసలు * గుర్తు వాడకపోవడమే మేలు.

దశ 4: ఆర్‌సింక్, కరెంటు, ఒక ఏటవాలు గీత

ఆర్‌సింక్ కూడా కాపీ చేసేదే, మధ్యలో ఆగితే మిగిలినవే అందుకుంటుంది. వాడిన కమాండు:

ఆర్‌సింక్ -ఏవీహెచ్ --ప్రోగ్రెస్ /పాత/డిస్కు1/ /కొత్త/స్టూడియో/డిస్కు1/

ల్యాప్‌టాప్‌కి నీలం రంగు యూఎస్‌బీ పోర్టు ఒక్కటే. అందులో కొత్త డిస్కు పెట్టి, పాతదాన్ని నల్ల పోర్టులో పెట్టా. వేగం సెకనుకి 27 ఎంబీ దాటలేదు. నల్లది యూఎస్‌బీ 2, దాని హద్దు అంతే. తర్వాతి వారం యూఎస్‌బీ 3 హబ్ కొని రెండింటినీ నీలం పోర్టు మీదకి తెచ్చాక 88 ఎంబీకి ఎక్కింది. డిస్కు 1 మాత్రం ఆ నల్ల పోర్టు మీదే నడిచింది.

112 జీబీ దగ్గర కరెంటు పోయింది. ల్యాప్‌టాప్‌కి బ్యాటరీ ఉంది, కొత్త డిస్కుకి లేదు. కరెంటు వచ్చాక, డిస్కుని తనిఖీ చేసే ఎఫ్‌ఎస్‌సీకే నడిపి డిస్కు బాగానే ఉందని చూసుకుని, అదే కమాండు మళ్లీ కొట్టా. అప్పటికే వచ్చినవాటిని వదిలేసి మిగతావి అందుకుంటుందని ఎదురుచూశా. కానీ తెర మీద మొదటి నుంచి పేర్లు పరిగెడుతున్నాయి. ఆపి చూసేసరికి కొత్త డిస్కులో డిస్కు1 లోపల ఇంకో డిస్కు1, అందులో 37 జీబీ.

మూలం చివర ఏటవాలు గీత వదిలేశా. ఆర్‌సింక్‌కి ఆ గీతలోనే అర్థం ఉంది:

- /పాత/డిస్కు1/ అంటే డిస్కు1 లోపల ఉన్నవాటిని తీసుకెళ్లు
- /పాత/డిస్కు1 అంటే డిస్కు1 అనే ఫోల్డరునే తీసుకెళ్లు

లోపలి డిస్కు1ని తీసేసి, గీత పెట్టి మళ్లీ కొడితే సరిగ్గా 112 జీబీ దగ్గర అందుకుంది. అప్పటి నుంచి ప్రతి ఆర్‌సింక్ కమాండునీ ముందు -ఎన్ తో నడిపా (ఎంవీలోని -ఎన్ వేరు). ఏం చేయబోతుందో చెబుతుంది, చేయదు. చదివి, సరిగా ఉంటే పైబాణం మీట నొక్కి -ఎన్ తీసేసి ఎంటర్. మళ్లీ టైపు చేయకపోవడం ముఖ్యం. గీతలు మాయమయ్యేది మళ్లీ టైపు చేసినప్పుడే.

రాబట్టిన 786 ఫొటోలని ల్యాప్‌టాప్ నుంచి కార్డు1, కార్డు2 ఫోల్డర్లలోకి విడిగా చేర్చా.

నడుస్తున్న లెక్క: 38,409 ఫైళ్లు, 241 జీబీ

దశ 5: తెలుగు పేర్లు

ఎక్కువ సమయం తిన్నది ఇదే. ఇంగ్లిషులో పేర్లు పెట్టుకునేవాళ్లకి ఈ చిక్కులు రావు కాబట్టి ఇవి రాసిపెట్టినవాళ్లు నాకు పెద్దగా కనపడలేదు.

మామయ్య 2011 నుంచి ఫోల్డర్లకి తెలుగులోనే పేర్లు పెట్టారు. పెళ్లయితే శుభలేఖలో ఉన్నట్టే: చి. ఫలానా, చి.ల.సౌ. ఫలానా, ఇద్దరి ఇంటిపేర్లు, కల్యాణమండపం, ఊరు. డిస్కు 2 కాపీ ముగిశాక ఆర్‌సింక్ చివర్లో కొన్ని ఫైళ్లు వెళ్లలేదని కోడ్ 23 చూపించింది. లెక్కపెడితే 52,907కి 51,644 ఉన్నాయి. 1,263 తక్కువ.

పైకి జరిపి చదివితే మూడు చోట్ల ఒకే మాట ఉంది: ఫైలు పేరు మరీ పొడుగు.

ఎన్‌టీఎఫ్‌ఎస్‌లో పేరుకి 255 అక్షర సంకేతాలు పడతాయి. ఈఎక్స్‌టీ4లో కూడా 255 అనే అంటారు, కానీ అవి బైట్లు. అక్షరాల్ని బైట్లుగా రాసే యూటీఎఫ్-8 పద్ధతిలో ఇంగ్లిషు అక్షరానికి ఒక బైటు, తెలుగు సంకేతానికి మూడు. పైగా మనం ఒక్క అక్షరంగా చూసేది లోపల ఒక్కటి కాదు. "లక్ష్మి" తీసుకోండి. చూడ్డానికి రెండక్షరాలు. లోపల ల, క, పొల్లు, ష, పొల్లు, మ, గుడి. ఏడు సంకేతాలు, 21 బైట్లు. ఈ లెక్కన లినక్స్‌లో ఒక తెలుగు పేరుకి 85 సంకేతాలకి మించి చోటు లేదు.

ఆగిపోయిన పేర్లలో ఒకటి లెక్కగట్టా. తెలుగు సంకేతాలు 97, చుక్కలూ ఖాళీలూ కలిపి 11. విండోస్ లెక్కలో 108, హాయిగా పడుతుంది. ఇక్కడ 97×3+11=302 బైట్లు, పట్టదు. ఫోల్డరే తయారవకపోతే అందులోవి ఒక్కటీ రావు. అలా మూడు పెళ్లిళ్లు (402, 517, 344 ఫైళ్లు) ఆగిపోయాయి.

చేసినది:

1. పాత డిస్కులో పేరు మార్చలేదు. అది చదవడానికే తెరిచి ఉంది, అలాగే ఉండాలి.
2. ఆ మూడింటినీ ఒక్కోటిగా ఆర్‌సింక్ చేశా. మూలం పేరు కొటేషన్లలో పూర్తిగా, చివర ఏటవాలు గీత, గమ్యంలో పొట్టి పేరు: సంవత్సరం, నెల, రెండు ఇంటిపేర్లు.
3. పూర్తి పేర్లని ఒక టెక్స్ట్ ఫైలులో రాసి, లెక్క చెడకుండా డిస్కు2 ఫోల్డరు బయట పెట్టా.

52,907. సరిపోయింది.

రెండో చిక్కు డిస్కు 3లో వచ్చింది. ఫోల్డర్లో ఏమున్నాయో చూపే ఎల్‌ఎస్ కొడితే "పవన్" అని రెండు ఫోల్డర్లు, ఒకే ఫోల్డర్లో, పక్కపక్కన. ఒకే చోట ఒకే పేరుతో రెండు ఉండవు. ఎల్‌ఎస్ | హెక్స్‌డంప్ -సీ (ఈ సీ ఒక్కటి పెద్దబడి) తో లోపలికి చూస్తే ఒకదాని చివర మూడు బైట్లు ఎక్కువ ఉన్నాయి. "సాఫ్ట్‌వేర్" లాంటి మాటలో టకారానికి వకారం ఒత్తుగా అతుక్కోకుండా ఆపడానికి కంటికి కనపడని గుర్తు ఒకటి వాడతాం. కొన్ని కీబోర్డులు పొల్లు కనపడితే చాలు, మాట చివర కూడా దాన్ని పెట్టేస్తాయి. ఒకే కుర్రాడి అన్నప్రాశన ఒకదాంట్లో, పంచెల ఫంక్షను ఇంకోదాంట్లో ఉన్నాయి. ఫైండ్‌తో వెతికితే ఒక్కటే దొరికేది. కలపలేదు. కాపీ అంతా సరిచూశాక రెండోదానికి పంచెలు అని చేర్చా.

మూడోది కైకలూరు. ఆల్బమ్ డిజైన్ చేసే ఒకాయన మాక్ మీద జిప్ చేసి పంపిన ఫోల్డరు అది. కళ్ల ముందు కనపడుతుంది, పేరు టైపు చేసి వెతికితే దొరకదు. ఐత్వాన్ని యూనికోడ్‌లో రెండు రకాలుగా రాయొచ్చు: ఒకే సంకేతంగా ఒకటి, ఎత్వం పెట్టి కింద ఐత్వపు గుర్తు చేర్చి ఇంకొకటి. పాత మాక్‌లు పేర్లని ఇలా విడగొట్టి దాచేవి. మన కీబోర్డులు కలిపి రాస్తాయి. చూపుకి తేడా లేదు, బైట్లలో మూడుకి ఆరు. కన్వ్‌ఎంవీ అనే పనిముట్టుకి --ఎన్‌ఎఫ్‌సీ ఇస్తే అన్నిటినీ కలిపిన రూపంలోకి తెస్తుంది. దీనిలో నాకు నచ్చింది, --నోటెస్ట్ అని విడిగా చెబితే తప్ప అది దేన్నీ మార్చదు, చూపించి ఊరుకుంటుంది. ఈ పేరు కూడా సరిచూడడం అయ్యాకే మార్చా.

నడుస్తున్న లెక్క, డిస్కు 2 తర్వాత: 91,316 ఫైళ్లు, 659 జీబీ

దశ 6: చప్పుడు చేసే డిస్కు

ఇది డిస్కు 3. దీన్నే మొట్టమొదట దించుకోవాల్సింది. నేను నంబరు వరసలో వెళ్లా, అది తప్పు. మూడు వారాల్లో అది పూర్తిగా ఆగిపోయి ఉంటే అయిదేళ్ల పని పోయేది.

806 జీబీకి 88 ఎంబీ లెక్కన రెండున్నర గంటలు చాలు. ఆరు గంటలు పట్టింది. మధ్యమధ్య వేగం పూర్తిగా సున్నాకి పడిపోయి టిక్కుమన్నప్పుడల్లా మామయ్య వంటింట్లోంచి వచ్చి చూసి వెళ్లారు. మూడు ఫైళ్ల దగ్గర చదవలేకపోతున్నానని ఆర్‌సింక్ చెప్పి, వాటిని వదిలేసి ముందుకి పోయింది. సీపీ అయినా మిగతావి తెచ్చేది, కానీ ఏవి మిగిలాయో తర్వాత వెతుక్కోవడానికి ఆర్‌సింక్ చివర చూపే జాబితా పనికొచ్చింది.

ఆ మూడింటిని జీఎన్‌యూ డీడీరెస్క్యూతో తీశా: డీడీరెస్క్యూ, మూలం ఫైలు, గమ్యం ఫైలు, ఒక మ్యాప్ ఫైలు. ఎక్కడెక్కడ చదవగలిగిందో మ్యాప్‌లో రాసుకుంటుంది. మళ్లీ నడిపితే మిగిలిన ముక్కల కోసమే ప్రయత్నిస్తుంది. రెండు ఫైళ్లు మూడో ప్రయత్నానికి పూర్తిగా వచ్చాయి. ఒకటి అప్పగింతల ఫొటో. పై సగంలో తల్లీకూతుళ్ల మొహాలు బాగున్నాయి, కింది సగం బూడిదరంగు పట్టీ. అంతవరకే దక్కింది.

నడుస్తున్న లెక్క: 1,87,566 ఫైళ్లు, 1,465 జీబీ. లోటు 7, సగం చెడినది 1.

దశ 7: సరిచూడడం

సంఖ్య సరిపోయినంత మాత్రాన లోపలి డేటా సరిపోయినట్టు కాదు. ఒక్కో ఫైలుకీ ఎస్‌హెచ్‌ఏ256 వేలిముద్ర (లోపలి డేటా నుంచి లెక్కగట్టే సంఖ్య) తీసి పోల్చా.

1. పాత డిస్కులో: ఫైండ్ . -టైప్ ఎఫ్ -ప్రింట్0 | ఎక్స్‌ఆర్గ్స్ -0 ఎస్‌హెచ్‌ఏ256సమ్. వచ్చిన జాబితాని > గుర్తుతో ల్యాప్‌టాప్‌లో దాచా.
2. కొత్త డిస్కులో అదే ఫోల్డర్లోకి వెళ్లి: ఎస్‌హెచ్‌ఏ256సమ్ -సీ --క్వైట్, పక్కన ఆ జాబితా పేరు. తేడా ఉన్నవే చూపిస్తుంది.
3. పొట్టి పేరు పెట్టిన మూడు పెళ్లిళ్లకి, ఆ ఫోల్డరు లోపలికి వెళ్లి విడిగా జాబితాలు తీశా. లేకపోతే 1,263 ఫైళ్లు కనపడలేదని చెబుతుంది.

ప్రింట్0 లోని సున్నా మరిచిపోవద్దు. మొదటిసారి అది లేకుండా కొడితే పేర్లలోని ఖాళీల దగ్గర ఎక్స్‌ఆర్గ్స్ తెంపేసింది. "చి. ల. సౌ." అన్నది మూడు ఫైళ్లయి కూర్చుంది.

డిస్కు 1, 2 రాత్రి పెట్టి పడుకుంటే తెల్లారేసరికి అయ్యాయి. తేడా ఒక్కటీ లేదు. డిస్కు 3లో ఆ మూడు ఫైళ్లకే వేలిముద్ర తీయలేనంది, మిగిలిన 96,247 సరిపోయాయి.

దశ 8: రెండో నకలు

రెండో కొత్త డిస్కుకి ఆర్‌సింక్ -ఏవీ --డిలీట్. గమ్యంలో అదనంగా ఉన్నవాటిని తీసేసి రెండింటినీ ఒకేలా ఉంచేది ఈ --డిలీట్. ముందు -ఎన్ తో నడిపా. తెరంతా "డిలీటింగ్" అనే మాటతో మొదలయ్యే వరసలు ఆగకుండా పోతున్నాయి.

మూలం, గమ్యం తారుమారు చేశా. ఖాళీ డిస్కు మూలం, నిండు డిస్కు గమ్యం. -ఎన్ లేకపోతే మొత్తం 1,87,566 తుడిచిపెట్టుకుపోయేవి. చేతులు వణికి కాసేపు బయట అరుగు మీద కూర్చున్నా. వచ్చి రెండు డిస్కులకీ పేర్లు మార్చా. ముందున్న కొత్త1, కొత్త2 తీసేసి, తల్లి, నకలు అని పెట్టా. తల్లి నుంచి నకలుకి. ఇప్పుడు కమాండు చదివితేనే దిక్కు తెలిసిపోతుంది.

నకలు విజయవాడలో మా ఇంట్లో ఉంది. పాత డిస్కులు మూడూ తుడవలేదు, కాగితాలు అంటించి బీరువాలో పెట్టాం.

దశ 9: మొదటి పెన్‌డ్రైవ్

నాలుగో ఆదివారం దుగ్గిరాల నుంచి ఒకాయన వచ్చారు. 2012లో వాళ్లక్క పెళ్లి, ఆల్బమ్ తడిసి పాడైంది. పూర్తి పేర్ల టెక్స్ట్ ఫైలులో ఇంటిపేరుతో గ్రెప్ (మాట వెతికే కమాండు) కొడితే తేలింది. ఆగిపోయిన మూడు పెళ్లిళ్లలో రెండోది, 517 ఫైళ్లు, 9.8 జీబీ.

ఆయన తెచ్చిన 32 జీబీ పెన్‌డ్రైవ్ మీదకి సీపీ -ఏ కొట్టా. ఫొటోలు వెళ్లాయి. 5.6 జీబీ వీడియో మాత్రం 4 జీబీ దగ్గర ఆగి, ఫైలు మరీ పెద్దదని చెప్పింది. పెన్‌డ్రైవ్ ఫ్యాట్32, ఒక ఫైలు 4 జీబీకి ఒక్క బైటు తక్కువ దాకానే పడుతుంది. ఆయన్ని అడిగి, అందులో ముందే ఉన్నవాటిని ల్యాప్‌టాప్‌లోకి తీసి, ఎక్స్‌ఫ్యాట్‌గా ఫార్మాట్ చేసి, మళ్లీ కొట్టా.

14 నిమిషాల్లో సీపీ ముగిసింది. పెన్‌డ్రైవ్ దీపం ఇంకా మినుకుమంటోంది. కమాండు అయిపోయినా కొంత డేటా ర్యామ్‌లోనే ఉండి నెమ్మదిగా దిగుతుంది. సింక్ అని కొట్టా, ఇంకో 3 నిమిషాలకి గానీ తిరిగి రాలేదు. తర్వాత ఆయన పాత ఫైళ్లు వెనక్కి వేసి, అన్‌మౌంట్ చేసి, మళ్లీ తగిలించి పెళ్లి ఫోల్డరు లెక్కపెట్టా.

517.

మామయ్య ఆర్డర్ల పుస్తకంలో 2012 పేజీ తీసి, ఆ వరస పక్కన ఎర్ర పెన్నుతో టిక్కు పెట్టి, తేదీ వేశారు.